పారేసిన సామాన్లతో ఊరు కట్టినాయన

పండగ ముందు ఇల్లు దులపడం మనందరికీ ఉన్నదే కదా! కిందటేడాది దసరాకు ముందు నేనూ కొంగు నడుముకు చుట్టి, మా ఇంటి అటక మీది సామానంతా కిందికి దించాను. ఏమున్నాయనుకున్నారు? కాడ ఊడిన గరిటెలు, గాజుబుడ్డి లేని కందిలి, అడుగు పోయిన ఇత్తడి బిందె, చిరిగిన చాట, మూతల్లేని డబ్బాలు, డబ్బాల్లేని మూతలు, ఒక తుప్పు పట్టిన గొళ్ళెం, ఒక రోకలి పొన్ను. ఇవి చాలవన్నట్టు పాత డాల్డా డబ్బా నిండా విరిగిన గాజు ముక్కలు. అన్నీ మా అత్తమ్మ దాచినవే. వీధిలో ఎవరైనా ఏదైనా పారేస్తే చాలు, అటు ఇటు చూసి కొంగులో వేసుకుని వస్తుంది. ఇరుగుపొరుగు నవ్వుతారు. నాకేమో తల కొట్టేసినట్టుండేది.

అత్తమ్మ ఆ రోజు మెట్‌పల్లిలో మా ఆడపడుచు ఇంటికి వెళ్ళింది. సరిగ్గా అప్పుడే "పాత ఇనుప సామాన్లు కొంటాం" అని మైకు పెట్టుకుని ఆటో వచ్చింది. ఇంకేం, అంతా ఎత్తి పోశాను. 640 రూపాయలొచ్చాయి. ఆ డబ్బుకు మరికొంత కలిపి స్టీలు డబ్బాల సెట్టు కొనుక్కుని, పప్పులూ ఉప్పులూ నింపి, వరుసగా పేర్చుకుని మురిసిపోయాను.

సాయంత్రం అత్తమ్మ వచ్చింది. కాళ్ళు కడుక్కుంది. తలెత్తి అటక వైపు చూసింది. గొడవ చేస్తుందనుకున్నాను, చేయలేదు. "నా పొన్ను ఏది బిడ్డా?" అని మాత్రం అడిగింది. చెప్పాను. ఏమీ అనకుండా పోయి మంచం మీద పడుకుంది. రెండు రోజులు సరిగ్గా అన్నం తినలేదు.

పొన్ను అంటే ఈ కాలం పిల్లలకు తెలియకపోవచ్చు. రోకలి చివర అరిగిపోకుండా తొడిగే ఇనుప కట్టు. అంతకు మించి అందులో ఏముంది, దానికింత బెంగా అని నా విసుగు. మూడో రోజు మా ఆయన నెమ్మదిగా అసలు సంగతి చెప్పాడు. అత్తమ్మ పుట్టిల్లు గోదావరి ఒడ్డు పల్లె. పోచంపాడు ప్రాజెక్టు కింద మునిగింది. 1963 జూలైలో నెహ్రూ గారు వచ్చి శంకుస్థాపన చేసిన ప్రాజెక్టు అది, తర్వాత శ్రీరాంసాగర్ అన్నారు. ఊరు ఖాళీ చేసేటప్పుడు వాళ్ళ నాయిన ఇల్లు విప్పి దూలాలు, తలుపులు బండ్ల మీద వేసుకుని పోయాడట. అప్పటికే పెళ్ళై ఆర్మూర్‌లో ఉన్న అత్తమ్మ, విప్పిన ఇంటి మట్టిలో వెతికి తలుపు గొళ్ళెం, వాళ్ళమ్మ వడ్లు దంచిన రోకలి పొన్ను తెచ్చుకుంది. అటక మీది దుకాణం అట్లా మొదలైంది. ఇరవై ఏళ్ళుగా ఒకే వంటింట్లో తిరుగుతున్నాం మేమిద్దరం. ఈ ముక్క నేనెప్పుడూ అడగలేదు, ఆమె ఎప్పుడూ చెప్పలేదు.

శ్రీరాంసాగర్ నీళ్ళంటే మా ప్రాంతానికి ప్రాణం. పసుపు తొమ్మిది నెలల పంట, తడి లేనిదే కొమ్ము ఊరదు. పసుపు ఉడికించే రోజుల్లో మా చుట్టుపక్కల ఊళ్ళన్నీ ఒకటే వాసన! ఆ పచ్చదనం వెనక కొన్ని ఊళ్ళు నీళ్ళ కింద ఉన్నాయని ఎండాకాలంలోనే గుర్తొస్తుంది మాకు. నీళ్ళు లోపలికి పోయినప్పుడు పాత గుడులు, గోడల మొదళ్ళు బయటపడతాయి.

సరే, ఆ నేరం మనసులో పెట్టుకుని ఉండగానే నాకు చండీగఢ్ ప్రయాణం పడింది. మా మరిది మిలటరీలో ఉన్నాడు, చండీమందిర్‌లో క్వార్టర్. తోటికోడలికి ఆపరేషన్ అయితే పదిహేను రోజులు వండి పెట్టడానికి వెళ్ళాను. ఒక ఆదివారం మా మరిది "వదినా, నీకొక వింత చూపిస్తా దా" అని రాక్ గార్డెన్‌కు తీసుకుపోయాడు.

చండీగఢ్ సంగతి ముందు చెప్పాలి. గీత గీసినట్టుండే ఊరు. దేశం విడిపోయి లాహోర్ పాకిస్తాన్‌కు పోయాక పంజాబుకు రాజధాని కావాలని కట్టుకున్న నగరం. ఫ్రాన్సు నుంచి లె కార్బూజియే అనే పేరున్న ఆర్కిటెక్టును పిలిపించి ప్లాను వేయించారు. రోడ్లన్నీ తిన్నగా, ఇళ్ళన్నీ సెక్టార్లుగా. మన ఆర్మూర్ సందుల్లో తిరిగినదాన్ని, నాకు ఏ చౌరస్తా చూసినా ఒకేలా కనబడింది! అంత పద్ధతైన ఊళ్ళో, సుఖ్నా చెరువు దగ్గర, ఒక గోడకు ఒక పొట్టి ద్వారం. తల వంచితే గానీ లోపలికి పోలేం. వంగి, లేచి చూస్తే వేరే లోకం.

ఇరుకు దారులు, మలుపులు. ఒక గోడ నిండా పాత కరెంటు ఫ్యూజులు, పింగాణీ సాకెట్లు. ఒక గోడ విరిగిన తెల్ల టైల్సు. ఇంకొకటి పగిలిన సింకులు, కప్పులు, సాసర్లు. తారు పీపాలను అచ్చులుగా వాడినవి ఒకచోట. సిమెంటు బస్తాలు తడిసి గట్టిపడితే మనం ఏం చేస్తాం? తిట్టుకుని పారేస్తాం. ఇక్కడ వాటిని బస్తా ఆకారంలోనే పేర్చి గోడ కట్టాడు. ఆ మలుపు దాటగానే వరుసగా నిలబడిన బొమ్మలు. నీళ్ళకు పోయే ఆడవాళ్ళు, బడిపిల్లలు, బాజాలు వాయించేవాళ్ళు, కోతులు, నెమళ్ళు, ఎలుగుబంట్లు. ఒకటీ రెండూ కాదు, వేలు! వాటిలో ఒక గుంపు దగ్గర నా కాళ్ళు ఆగిపోయాయి. ఆ ఆడబొమ్మల ఒంటి మీద చీరంతా విరిగిన గాజు ముక్కలే. ఎరుపు, ఆకుపచ్చ, పసుపు, నీలం, పక్కపక్కన ఒత్తి పెట్టినవి. ఎండ పడి మెరుస్తున్నాయి. నాకు మా డాల్డా డబ్బా గుర్తొచ్చింది. మా మరిదికి కనబడకుండా కళ్ళు తుడుచుకున్నాను.

ఇదంతా చేసినాయన పేరు నేక్‌చంద్ సైనీ. పెద్ద చదువులు చదివిన శిల్పి కాదు, రోడ్ల శాఖలో చిన్న ఇన్‌స్పెక్టర్. 1924 డిసెంబరు 15న, ఇప్పుడు పాకిస్తాన్‌లో ఉన్న షకర్‌గఢ్ దగ్గరి ఒక పల్లెలో పుట్టాడు. వాళ్ళది కూరగాయలు పండించుకునే ఇల్లు. 1947లో దేశం రెండు ముక్కలైతే ఉన్న ఊరు వదిలి ఇటు వచ్చారు. 1950ల మొదట్లో కొత్త రాజధాని పనుల్లో ఆయనకు ఉద్యోగం దొరికింది.

కొత్త నగరం అంటే ఖాళీ నేల మీద లేచింది కాదు. అక్కడ పల్లెలుండేవి. వాటిని ఖాళీ చేయించి, ఇళ్ళు కూలగొట్టి నగరం కట్టారు. ఆ కూలిన ఇళ్ళ మధ్య నేక్‌చంద్ తిరిగేవాడు. పగిలిన కుండలు, పెంకులు, గాజులు, సైకిల్ హ్యాండిళ్ళు... ఎవరికీ అక్కరలేనివన్నీ సైకిల్ మీద పెట్టుకుని తెచ్చేవాడు. శివాలిక్ కొండల కింద వాగుల్లో నీళ్ళు చెక్కిన రాళ్ళంటే మరీ ఇష్టం. ఒక రాయిలో పక్షి, ఇంకో రాయిలో కూర్చున్న మనిషి కనబడేవాళ్ళట ఆయనకు. (మా ఆర్మూర్ సిద్ధుల గుట్ట బండల్లో చిన్నప్పుడు పిల్లలందరం ఏనుగును, తాబేలును చూసేవాళ్ళం. పెద్దయ్యాక చూడటం మానేశాం, అంతే తేడా!)

తెచ్చినవి ఎక్కడ పెట్టాలి? ఊరి చివర అడవిలో ఒక లోయ ఉంది. ఎవ్వరూ ఏ కట్టడమూ కట్టకూడదని సర్కారు వదిలిన జాగా. 1957, 58 ప్రాంతంలో అక్కడ చెట్లు కొంత కొట్టి చిన్న గుడిసె వేసుకుని సామాన్లు చేర్చడం మొదలుపెట్టాడు. పగలంతా ఉద్యోగం. పొద్దుగూకాక అడవి. వెలుతురు కోసం పాత టైర్లు కాల్చేవాడట. చిన్నప్పుడు తల్లి చెప్పిన రాజుల కథల్లోని రాజ్యాన్ని ఒంటరిగా అక్కడ కట్టుకుంటూ పోయాడు. 1976లో జనానికి తలుపులు తెరిచేదాకా లెక్క చూస్తే దగ్గర దగ్గర 18 ఏళ్ళు! పట్టుబడితే ఉద్యోగం పోయేది, కేసయ్యేది, కట్టిందంతా కూలగొట్టేవాళ్ళు. తెలిసినవాళ్ళు చాలా కొద్దిమంది.

ఇల్లాలిని కదా, నాకు ముందు ఆయన భార్య గుర్తొచ్చింది. కమల ఆమె పేరు. పగలంతా డ్యూటీ చేసి, రాత్రి తిండి తిని మళ్ళీ సైకిలెక్కి పోయే మొగుడు. వచ్చేటప్పుడు చేతులకు సిమెంటు, బట్టలకు టైరు మసి. మనమైతే ఎన్ని రోజులు ఊరుకుంటాం చెప్పండి?

1970లలో ఈ సంగతి అధికారుల కంట పడింది. అప్పటికి సుమారు 12 ఎకరాలు పరుచుకుంది ఆయన రాజ్యం. చట్టం ప్రకారం కూల్చేయాలి. కానీ చూడడానికి జనం తండోపతండాలుగా వస్తుంటే కూల్చడానికి చేతులు రాలేదు వాళ్ళకు. చివరికి ఆయనకే జీతమిచ్చి, రాక్ గార్డెన్ సబ్ డివిజనల్ ఇంజనీరని హోదా ఇచ్చి, 50 మంది కూలీలనిచ్చి, కానీయమన్నారు. ఊళ్ళో పగిలిన పింగాణీ, గుడ్డ పీలికలు పోగుచేయడానికి చోట్లు కూడా పెట్టారు. 1983లో రాక్ గార్డెన్ మీద తపాలా బిళ్ళ వచ్చింది. 1984లో ఆయనకు పద్మశ్రీ ఇచ్చారు. 1986లో అమెరికా రాజధాని వాషింగ్టన్‌లో పిల్లల మ్యూజియానికి కూడా ఇట్లాంటి తోట కట్టి వచ్చాడు.

ఇంకో తమాషా వినండి. ఆ నగరం ప్లాను వేసిన కార్బూజియే, ఈ ఊళ్ళో మనుషుల విగ్రహాలు పెట్టకూడదని శాసనం రాసిపెట్టాడు. గొప్పవాళ్ళ విగ్రహాల కాలం అయిపోయిందన్నది ఆయన మాట. నేక్‌చంద్ బొమ్మలు ఏ గొప్పవాళ్ళవీ కావు. నీళ్ళు మోసే ఆడమనిషి, గొర్రెల కాపరి, బడికి పోయే పిల్ల. కూల్చిన పల్లెల్లోంచి లేచి వచ్చి వరుసగా నిలబడ్డట్టే అనిపించింది నాకు.

అంతా సుఖాంతమే అనుకోకండి. 1980లు ముగిసే రోజుల్లో రోడ్డు కోసం కొంత భాగం కొట్టేయాలని బుల్డోజర్లు వస్తే ఊరి జనమే వెళ్ళి అడ్డం నిలబడ్డారు. 1996లో ఆయన విదేశాలకు వెళ్ళి వచ్చేసరికి బొమ్మలు కొన్ని ఎవరో పగలగొట్టి ఉన్నారు. 2015 జూన్ 12న, 90 ఏళ్ళ వయసులో నేక్‌చంద్ పోయాడు. 2025 మార్చిలో పక్కనున్న హైకోర్టు వైపు రోడ్డు వెడల్పు, పార్కింగు అంటూ గార్డెన్ గోడ కొంత కూల్చేశారు. పారేసిన వాటితో కట్టిందాన్ని మళ్ళీ పారేయడానికి మనుషులకు ఎంతసేపు! అయినా ఇప్పుడది దాదాపు 40 ఎకరాలు. కొత్త భాగంలో జలపాతాలు, కమానుల కింద పెద్ద పెద్ద ఊయలలు ఉన్నాయి. నేనూ ఊగాను, మా తోటికోడలి కూతురిని వంక పెట్టుకుని. దర్జీల దగ్గర మిగిలిన గుడ్డ పీలికలతో నిలువెత్తు మనుషుల బొమ్మలూ ఉన్నాయి. మన ఇళ్ళల్లో పాత చీరలు బొంతలవుతాయి, అక్కడ పేలికలు మనుషులయ్యాయి.

అన్నట్టు, అంత దూరం పోలేనివాళ్ళు మన హైదరాబాదులోనే ఒకరి పనితనం చూడవచ్చు. జూపార్కు దగ్గర బహదూర్‌పురాలో సుధా కార్స్ మ్యూజియం ఉంది. మా పిల్లలు చిన్నగా ఉన్నప్పుడు జూ చూపించి, అలాగే అక్కడికీ తీసుకుపోయాను. కన్యబోయిన సుధాకర్ గారు చిన్నతనం నుంచీ పాత సామాన్ల దుకాణాల్లో దొరికిన ఇనుము, పాత ఇంజన్లు పట్టుకొచ్చి బండ్లు తయారు చేసేవారట. 2010లో మ్యూజియం పెట్టారు. వంకాయ కారు, బర్గర్ కారు, కెమెరా కారు, క్రికెట్ బంతి కారు. అన్నీ నడిచేవే, ఉత్త బొమ్మలు కావు. ఆడవాళ్ళ కోసమని హ్యాండ్‌బ్యాగు, ఎత్తుమడమల చెప్పు, లిప్‌స్టిక్ ఆకారంలో కూడా చేశారు. మా అమ్మాయి చెప్పు కారు దగ్గర నుంచి కదిలితే ఒట్టు! 2005లో 41 అడుగుల 7 అంగుళాల ఎత్తు మూడు చక్రాల సైకిలు చేసి గిన్నిస్ బుక్కులోకి ఎక్కారు. 2020లో కరోనా వచ్చినప్పుడు కరోనా పురుగు ఆకారంలో కారు చేసి, ఇంట్లో ఉండమని జనానికి గుర్తు చేశారు. ఆ రోజు నేను నవ్వుతూ చూసి వచ్చాను గానీ, ఇంటికి వచ్చాక అత్తమ్మ కొంగులో ఏదో తుప్పు ముక్క కనబడితే కసిరాను. రెంటికీ సంబంధం ఉందని తట్టనే లేదు.

అట్లాగని ఇంట్లో చెత్త పేర్చేవాళ్ళందరూ నేక్‌చంద్‌లని నేననను. అటక ఖాళీ చేసిన వారంలోనే డిగ్రీ చదివే మా అమ్మాయి ఫోన్‌లో ఏదో చదివి, "అమ్మా, నాయినమ్మది హోర్డింగ్ డిజార్డర్" అని తేల్చేసింది. అట్లాంటి జబ్బు ఉన్నమాట నిజమే. 2013లో అమెరికా మానసిక వైద్యుల సంఘం తన పుస్తకంలో దాన్ని విడిగా ఒక జబ్బుగా చేర్చింది. విలువ ఉన్నా లేకున్నా ఏదీ వదులుకోలేకపోవడం, పారేయాలంటే విపరీతమైన బాధ, పొయ్యి దగ్గర వండే జాగా, మంచం మీద పడుకునే జాగా కూడా సామాన్లతో నిండిపోవడం, దానివల్ల మనిషి బతుకే ఇబ్బందుల్లో పడటం. ఇట్లా ఉంటే డాక్టరుకు చూపించాలి. అప్పుడు కూడా వాళ్ళకు చెప్పకుండా మొత్తం ఎత్తి పారేస్తే మేలు కన్నా కీడే ఎక్కువ. మా అత్తమ్మది అటక దాటి కిందికి రాలేదు. ఇల్లు ఎప్పుడూ అద్దంలా పెట్టేది ఆమే. అది జబ్బు కాదని ఆమెను ఒక్కసారి కూర్చోబెట్టి అడిగి ఉంటే మాకు ఏనాడో తెలిసేది.

ఆర్మూర్ తిరిగి వచ్చిన మర్నాడే మా ఆయనను వెంటబెట్టుకుని పెర్కిట్ వైపున్న పాత సామాన్ల దుకాణానికి పోయాను. ఆ ఆటో అతను సరుకు అక్కడే వేస్తాడట. దుకాణం వెనక గుట్టలు గుట్టలు. కూలర్ రేకులు, సైకిల్ చట్రాలు, పసుపు పాలిష్ పట్టే డ్రమ్ముల జాలీలు. ఇనుము, ఇత్తడి పదిహేను రోజులకొకసారి లారీలో పోతుందన్నాడు యజమాని. పొన్ను, గొళ్ళెం, బిందె ఎప్పుడో వెళ్ళిపోయాయి. ఎక్కడో కరిగి ఇంకేదో అయిపోయి ఉంటాయి. నా ముఖం చూసి జాలేసినట్టుంది, "గాజు పెంకలు మేం కొనమమ్మా, డబ్బా తీసుకుని అవి ఆ మూలకు పోసినం" అన్నాడు. మూలకు పోయి చూస్తే నిజమే. మట్టిలో, వాన నీళ్ళలో, మా గాజు ముక్కలు. ఇద్దరం కూర్చుని ఏరాం. మా ఆయన ఒక్క మాట అనలేదు, వేలు కోసుకుంటే మాత్రం నా వైపు చూశాడు.

ఇంటికి తెచ్చి కడిగి, కొత్త స్టీలు డబ్బాల్లో పెద్దది ఖాళీ చేసి అందులో పోసి అత్తమ్మ ముందు పెట్టాను. పొన్ను దొరకలేదని చెప్పాను. తల ఊపింది. తర్వాత ఒక్కో ముక్క తీసి చూడసాగింది.

"ఇది నీ శ్రీమంతంల తొడిగిన గాజు బిడ్డా. ఇది నీ బిడ్డ ఓణీల ఫంక్షన్ది. ఇది లచ్చిమి పెండ్లిది, నా చెల్లె."

ఆ డబ్బాలో సగం నా గాజులేనని నాకు అప్పుడు తెలిసింది. ఇన్నేళ్ళూ నేను ఊడ్చి పారేసిన చోటనే ఆమె ఏరుకుంటూ వచ్చింది.

ఏం మాట్లాడాలో తోచక ఫోన్ తీసి చండీగఢ్ ఫొటోలు చూపించాను. గాజుల చీర కట్టుకున్న బొమ్మ దగ్గర ఆగిపోయింది. దగ్గరికి పెట్టుకుని చూసింది.

"గివన్నీ ఒక్కడే ఏరిండా?"

"అవునత్తమ్మా. మొదట పద్దెనిమిదేండ్లు ఎవ్వరికీ చెప్పకుండ."

"చెప్తే నవ్వుతరు గద. ఏ ఊరాయనది?"

"ఆయన ఊరు పాకిస్తాన్ల వడ్డది. మళ్ళ రాలే."

"మాది నీళ్ళల్ల వడ్డది" అని, కళ్ళద్దాలు కొంగుతో తుడుచుకుని, ముందు నుంచి మళ్ళీ చూపించమంది.